వలసలతో పెరిగిన నగరం

1660 ప్రాంతంలో లండను నగరంలో ప్రతి గురువారమూ ఒక కాగితం అమ్మకానికి వచ్చేది. ఆ వారంలో ఏ పేటలో ఎందరు చనిపోయారో దానిలో ఒకవైపు అచ్చువేసి ఉండేది. ఏ జబ్బుతో ఎందరు చనిపోయారో రెండోవైపు ఉండేది. దానిని మరణ పట్టిక అనేవారు. ధనవంతులు ఆ పట్టికలో ప్లేగు అంకె ఎంత ఉందో చూసేవారు. అంకె పెరుగుతున్నదని తోస్తే బండ్లు కట్టించుకొని పల్లెలకు తరలిపోయేవారు. వర్తకులు రాబోయే వారం వ్యాపారం ఎలా ఉంటుందో దానినిబట్టి అంచనా వేసుకునేవారు. మిగిలినవారిలో చాలామంది ఆ వారం ఎవరైనా వింత చావు చచ్చారా అని చూసి, నలుగురు చేరినచోట చెప్పుకొని, కాగితాన్ని పక్కన పారేసేవారు.

జాన్ గ్రాంట్ అనే బట్టల వ్యాపారి మాత్రం వాటిని పారేయలేదు. ఆయన కళాశాలలో చదివినవాడు కాడు. అంగట్లో లెక్కలు చూసుకునే అలవాటు మాత్రం ఉంది. అనేక సంవత్సరాల మరణ పట్టికలను పోగుచేసి, అంకెలను వరుసగా వ్రాసి, కూడి, పోల్చి చూశాడు. 1662లో తాను గమనించిన విషయాలను చిన్న పుస్తకంగా అచ్చువేయించాడు. జనాభా శాస్త్రం ఆ పుస్తకంతోనే మొదలైందని నేటి పండితులు అంటారు.

గ్రాంటు కనిపెట్టిన విషయాలలో ఒకటి వినడానికి చాలా వింతగా ఉంటుంది. లండనులో పుట్టి బాప్తిస్మం పొందే పిల్లలకంటే పాతిపెట్టే శవాల సంఖ్యే ఎక్కువ. ప్లేగు లేని సంవత్సరాలలోనూ దాదాపు ఇదే పరిస్థితి. నూరుమంది పిల్లలు కడుపున పడితే వారిలో ముప్ఫయి ఆరుగురు ఆరేళ్లు నిండకముందే చనిపోతారని ఆయన లెక్క. రాబడికంటే ఖర్చు ఎక్కువైన ఇల్లు కొన్నాళ్లకు గుల్ల కావాలి. ఆ లెక్కన లండను ఏటేటా చిక్కిపోవాలి. కాని నగరం చిక్కిపోలేదు. కొత్త వీధులు పడుతూనే ఉన్నాయి, ఉన్న ఇళ్లు క్రిక్కిరిసిపోతూనే ఉన్నాయి. మరి ఈ మనుషులు ఎక్కడినుంచి వస్తున్నారు?

బయటినుంచి వస్తున్నారు. ఇదే గ్రాంటు చెప్పిన సమాధానం. లండను తన బిడ్డలతో పెరిగిన నగరం కాదు, ఇతరుల బిడ్డలతో పెరిగిన నగరం.

ఆ కాలంలో నేటివలె జనాభా లెక్కలు లేవు. ఇంగ్లండులో మొదటి జనాభా లెక్క 1801లో జరిగింది. అంతకు ముందరి సంగతులను చరిత్రకారులు చర్చి పుస్తకాలనుంచీ పన్నుల చిట్టాలనుంచీ అంచనా వేస్తారు. ఆ అంచనాల ప్రకారం 1550 ప్రాంతంలో లండను జనాభా లక్షకు అటూ ఇటూగా ఉండేది. 1600 నాటికి అది రెండు లక్షలు అయింది. 1700 నాటికి అయిదు లక్షలు దాటింది. అప్పటికి ఇంగ్లండులో రెండో పెద్ద పట్టణమైన నారిచ్‌లో ముప్ఫయి వేల మంది మాత్రమే ఉన్నారు. ఇంగ్లండు జనంలో పదిమందిలో ఒకరు లండనులో నివసిస్తున్నారన్నమాట. 1650 తర్వాతి నూరేళ్లలో నగరం అలా పెరగాలంటే ఏటా దాదాపు ఎనిమిది వేల మంది కొత్తగా వచ్చి ఉండాలని రిగ్లీ అనే చరిత్రకారుడు 1967లో లెక్క కట్టాడు. దేశంలోని పెద్దవారిలో ఆరుగురికి ఒకరు ఏదో ఒక కాలంలో లండనులో ఉండి చూసినవారేనని కూడా ఆయన అంచనా వేశాడు.

వచ్చినవారిలో ఎక్కువమంది పడుచువాళ్లు. పల్లెల్లో ఉమ్మడి పచ్చిక బయళ్లకు కంచెలు పడ్డాయి. చిన్న కమతాలు పెద్ద రైతుల చేతుల్లోకి పోయాయి. ధరలు పెరిగినంతగా కూలి పెరగలేదు. లండనులో కూలి ఎక్కువ అన్న మాట సంతల్లోనూ సత్రాల్లోనూ వినబడేది. ఆడపిల్లలు ఇళ్లలో పనిమనుషులుగా కుదరడానికి వచ్చేవారు. మగపిల్లలు పని నేర్చుకోవడానికి వచ్చేవారు. పదిహేను, పదహారు, పద్ధెనిమిదేళ్ల కుర్రవాడు కంసాలి దగ్గరో, వడ్రంగి దగ్గరో, బట్టల వర్తకుని దగ్గరో ఒప్పందం వ్రాసుకొని చేరేవాడు. 1563లో వచ్చిన చట్టం ప్రకారం కనీసం ఏడేళ్లు ఆ యజమాని దగ్గరే ఉండాలి. తిండి, బట్ట, పడుకోవడానికి చోటు యజమానే ఇస్తాడు, జీతం మాత్రం ఉండదు. పెళ్లి చేసుకోకూడదు. జూదం ఆడకూడదు. సారా అంగళ్ల చుట్టూ తిరగకూడదు. ఇవన్నీ ఒప్పందంలో వ్రాసి ఉండేవి. అవి వ్రాయవలసి వచ్చిందంటేనే కుర్రవాళ్లు ఎలా ఉండేవారో ఊహించుకోవచ్చు.

ఏడేళ్లు గడిచాక ఆ వృత్తి సంఘం అతనిని సభ్యుడిగా చేర్చుకునేది. అప్పుడు నగరంలో సొంతంగా అంగడి పెట్టుకొనే హక్కు వచ్చేది. గడువు పూర్తి చేయకుండా మధ్యలో ఇంటికి పోయినవారూ ఉన్నారు, చనిపోయినవారూ ఉన్నారు. నిలదొక్కుకున్నవారిలో కొందరు గొప్పవారయ్యారు. నాటక రచయిత షేక్‌స్పియర్ కూడా స్ట్రాట్‌ఫర్డ్ అనే చిన్న పట్టణం నుంచి లండనుకు వచ్చినవాడే. ఆయన ఏ వృత్తి సంఘం తలుపూ తట్టలేదు. నాటకశాలలు నగరపు గోడకు వెలుపల, నగర పెద్దల అధికారం చెల్లని చోట్లలో ఉండేవి. ఆయన నాటకాలు ఆడిన గ్లోబ్ నాటకశాలను 1599లో థేమ్స్ నదికి దక్షిణపు ఒడ్డున కట్టారు.

ఇంతమందికి ఇళ్లు ఎక్కడివి? లండను చుట్టూ రోమనుల నాటి ప్రాకారం ఉంది. దాని లోపల చోటు ఎప్పుడో నిండిపోయింది. జనం ప్రాకారం దాటి పొలాలలోకి, నది ఒడ్డుకు వ్యాపించారు. దొరల కాలంనాటి పెద్ద భవంతులను తడికెలతో గదులుగా విడగొట్టి అద్దెకిచ్చారు. నేలమాళిగలలోనూ మనుషులే. ఇది చూసి ఎలిజబెత్ రాణి ప్రభుత్వం భయపడింది. నగర ద్వారాలకు మూడు మైళ్ల లోపల కొత్త ఇల్లు కట్టరాదనీ, ఒక ఇంట్లో ఒక కుటుంబానికి మించి ఉండరాదనీ 1580లో శాసనం చేసింది. ప్రకటన చదివి వినిపించారు. ఇళ్లు మాత్రం లేస్తూనే వచ్చాయి. తర్వాతి రాజులు కూడా అటువంటి ప్రకటనలే చేశారు. వాటివల్ల ఇళ్లు ఆగలేదు గాని, కట్టేవారు దొంగచాటుగా, త్వరత్వరగా, చవకరకం కర్రతో కట్టడం మాత్రం ఎక్కువైంది.

జనం పెరిగితే మొదట వచ్చే కటకట నీళ్లకే. ధనవంతుల ఇళ్లకు నీళ్లు మోసేవాళ్లు ఉండేవారు. వీధి కుళాయిల దగ్గర పొడవైన కర్ర పాత్రలు నింపుకొని, భుజాన వేసుకొని ఇంటింటికీ పోసేవారు. పేదలు తామే పోయి వంతుకోసం నిలబడేవారు. థేమ్స్ నది పక్కనే ఉన్నా, ఊరి మురికి అంతా అందులోకే పోయేది. 1582లో పీటర్ మోరిస్ అనే ఆయన లండను వంతెన క్రింద నీటిచక్రం పెట్టి నదినీటిని ఎత్తిపోశాడు. అయినా చాలలేదు. అప్పుడు హ్యూ మిడిల్టన్ అనే కంసాలి వర్తకుడు ఒక పెద్ద పనికి పూనుకున్నాడు. హర్ట్‌ఫర్డ్‌షైర్‌లోని ఊటల నుంచి లండను వరకు, దాదాపు నలభై మైళ్లు, నేల వాలును అనుసరించి వంపులు తిప్పుతూ కాలువ తవ్వించాడు. దారిలోని భూస్వాములు అడ్డుపడ్డారు. చేతిలోని డబ్బు అయిపోయింది. చివరకు జేమ్స్ రాజు సగం ఖర్చు పెట్టుకొని సగం లాభం తీసుకొనే ఒప్పందంతో పని సాగింది. 1613లో నీళ్లు నగరపు అంచుకు చేరాయి. అక్కడినుంచి లోపల తొలిచిన చెట్టు మానులను ఒకదానికొకటి గుచ్చి గొట్టాలుగా వేసి వీధులలోకి పంపారు. ఆ కాలువ పేరు న్యూ రివర్, అంటే కొత్త నది. నాలుగు వందల ఏళ్లు దాటినా లండనుకు వచ్చే నీటిలో కొంత ఇప్పటికీ దాని ద్వారానే వస్తోంది. మిడిల్టన్ లండనువాడు కాడు. వేల్సు ప్రాంతం నుంచి పని నేర్చుకోవడానికి కుర్రతనంలో వచ్చినవాడు.

నీళ్లకు దారి దొరికింది గాని గాలికి దొరకలేదు. చుట్టుపక్కల వంటచెరకు ప్రియమైపోవడంతో న్యూకాజిల్ నుంచి ఓడల మీద రాక్షసి బొగ్గు తెచ్చి కాల్చేవారు. ఆ పొగను గురించి జాన్ ఎవ్లిన్ అనే పెద్దమనిషి 1661లో పుస్తకమే వ్రాసి రాజుకు అర్పించాడు. రాజు మెచ్చుకున్నాడు. పొగ అలాగే ఉంది.

1665లో ప్లేగు వచ్చింది. అది మొదటిసారి కాదు. 1563లోనూ, 1603లోనూ, 1625లోనూ వచ్చి వేలకు వేలమందిని పొట్టనబెట్టుకొని పోయింది. ఈసారి మరింత తీవ్రంగా వచ్చింది. ఒక ఇంట్లో ప్లేగు సోకిందంటే రోగులతోబాటు ఆరోగ్యంగా ఉన్నవారిని కూడా లోపలే ఉంచి తలుపు మూసేవారు. తలుపు మీద ఎర్రని శిలువ గుర్తు వేసి, కాపలా పెట్టేవారు. నలభై రోజుల వరకు ఆ తలుపు తెరిచేవారు కారు. రాజు, ఆయన పరివారం ఊరు విడిచారు. వైద్యులలో, పాదరీలలో అనేకులు ఊరు విడిచారు. పనిమనుషులకు, పని నేర్చుకునే కుర్రవాళ్లకు పోవడానికి చోటు లేదు. యజమాని తాళం వేసుకొని పోతే వారు వీధిలో పడ్డారు. ప్రాకారం వెలుపల వలసవచ్చినవారు క్రిక్కిరిసి ఉన్న పేటలలోనే చావులు ఎక్కువగా జరిగాయి. మరణ పట్టికల ప్రకారం ఆ ఏడు ప్లేగుతో చనిపోయినవారు 68,596 మంది. లెక్కకు రానివారిని కలిపితే లక్షకు దగ్గరగా ఉంటుందని చరిత్రకారుల అభిప్రాయం.

ఎంత పెద్ద ప్లేగు వచ్చినా రెండేళ్లలో నగరం మళ్లీ నిండిపోతుందని గ్రాంటు మూడేళ్ల ముందే, పాత ప్లేగుల లెక్కలు చూసి వ్రాశాడు. ఈసారీ అలాగే జరిగింది. చచ్చిపోయినవారి పనులు ఖాళీగా ఉన్నాయి, ఇళ్లు ఖాళీగా ఉన్నాయి. వాటికోసం పల్లెలనుంచి మళ్లీ జనం వచ్చారు.

వారు ఇంకా కుదుటపడక ముందే 1666 సెప్టెంబరు 2వ తేదీ తెల్లవారుజామున పుడింగ్ లేన్ అనే సందులో ఒక రొట్టెల కొట్టులో నిప్పు అంటుకుంది. కర్ర ఇళ్లు, తారు పూతలు, ఎండాకాలపు పొడి, తూర్పుగాలి. నాలుగు రోజులలో 13,200 ఇళ్లు, 87 చర్చీలు కాలిపోయాయి. ప్రాకారం లోపలి నగరంలో మిగిలింది చాలా తక్కువ. ఇక కర్రతో ఇళ్లు కట్టరాదు, ఇటుకతోగాని రాతితోగాని కట్టాలి అని 1667లో చట్టం వచ్చింది. వీధి వెడల్పునుబట్టి ఇల్లు ఎన్ని అంతస్తులు ఉండాలో కూడా నిర్ణయించారు. ఖర్చులకోసం నగరానికి వచ్చే బొగ్గు మీద పన్ను వేశారు.

ఆ చట్టంలో మరో ముఖ్యమైన మాట ఉంది. అంతవరకు వృత్తి సంఘంలో సభ్యుడు కాని తాపీమేస్త్రీగాని వడ్రంగిగాని లండనులో పని చేయడానికి వీలు లేదు. బయటివాడు వస్తే సంఘాలు పట్టి జరిమానా వేయించేవి. ఇప్పుడు ఊరంతా బూడిద అయింది. సంఘాలలోని మేస్త్రీలు ఏ మూలకూ చాలరు. అందుచేత బయటి ఊళ్ల పనివారు ఎవరు వచ్చినా ఏడేళ్లపాటు నగరవాసులతో సమానంగా పని చేసుకోవచ్చునని చట్టం అనుమతించింది. లండను ఈసారి గోడ మీద ప్రకటన అంటించకుండా, తానే తలుపు తెరిచి పిలిచింది.

బయటివారిని పిలిచిన పట్టణం లండను ఒక్కటే కాదు. నార్‌విచ్ అని వ్రాసి నారిచ్ అని పలికే పట్టణం అంతకు నూరేళ్ల ముందే ఆ పని చేసింది. అక్కడి ఉన్ని నేత పాతబడి, బట్ట అమ్ముడుపోక, మగ్గాలు మూలబడ్డాయి. 1565లో పట్టణ పెద్దలు రాణి అనుమతి తీసుకొని, సముద్రానికి అవతల మతకలహాలకు భయపడి వచ్చిన ముప్ఫయి నేతగాళ్ల కుటుంబాలను పిలిపించారు. వారు తేలికగా, రంగురంగులుగా ఉండే కొత్తరకం ఉన్నిబట్టలు నేయడం తెలిసినవారు. వారి వెనుక బంధువులు వచ్చారు, బంధువుల బంధువులు వచ్చారు. 1579 నాటికి వారు ఆరువేల మంది, అంటే పట్టణంలో దాదాపు మూడోవంతు అయ్యారు. వారిని ఊళ్లో అందరూ పరాయివారు అనే పిలిచేవారు. ఇంటిలో తమ భాష, చర్చిలో తమ భాష, బజారులో ఇంగ్లీషు. నారిచ్‌లో మొదటి అచ్చుయంత్రం పెట్టినవాడు కూడా వారిలోని వాడే. ఆయన అచ్చువేసినవి ఎక్కువగా డచ్చి భాషలోని పుస్తకాలు. పంజరాలలో కెనరీ పిట్టలను పెంచే సరదాను వారే తెచ్చారని చెబుతారు. ఆ ఊరి ఫుట్‌బాల్ జట్టుకు నేటికీ కెనరీలు అనే ముద్దుపేరు ఉంది.

పరాయివారి రాకతో మగ్గాలు మళ్లీ ఆడాయి. అయినా అందరూ సంతోషించలేదు. 1570లో కొందరు వారిని వెళ్లగొట్టాలని కుట్ర పన్ని పట్టుబడ్డారు, కొందరికి మరణశిక్ష పడింది. అదే ఏడు పట్టణ పెద్దలు ఊళ్లోని ఇంగ్లీషు పేదలందరినీ ఇంటింటికీ తిరిగి లెక్క వ్రాయించారు. 2,300 మందికి పైగా పేర్లు, వయస్సులు, చేసే పనులు అందులో ఉన్నాయి. ఎనభై ఏళ్లు దాటిన ముసలమ్మ కూడా ఉన్ని వడికి పొట్టపోసుకుంటున్నట్లు ఉంది. ఆ లెక్క చూశాక కలిగినవారందరూ పేదలకోసం విధిగా పన్ను చెల్లించాలని నిర్ణయించారు. దేశమంతటా అటువంటి ఏర్పాటు పూర్తిగా స్థిరపడింది 1601 నాటి చట్టంతోనే.

ఈ పేదల పన్నుతోనే మరో చిక్కు వచ్చిపడింది. ప్రతి పేట తన పేదలను తానే పోషించాలి. అప్పుడు పక్క ఊరినుంచి వచ్చిన పేదవాడిని ఎవరు పోషిస్తారు? 1662లో, గ్రాంటు పుస్తకం వచ్చిన సంవత్సరంలోనే, పార్లమెంటు ఒక చట్టం చేసింది. కొత్తగా వచ్చినవాడు ఏడాదికి పది పౌన్ల అద్దె ఇల్లు తీసుకోలేనివాడైతే, నలభై రోజుల లోపల ఫిర్యాదు చేసి అతనిని సొంత ఊరికి పంపివేయవచ్చు. పది పౌన్ల ఇల్లు కూలివాడికి అందేది కాదు. నగరం బతకాలంటే వలస కావాలని ఒక పుస్తకం లెక్కలతో చూపిన ఏడే, వలసవచ్చిన పేదను వెనక్కి పంపే చట్టం వచ్చింది. పాలకులు ఆ పుస్తకం చదవలేదని అనడానికి లేదు. రాజు స్వయంగా మెచ్చి గ్రాంటును రాయల్ సొసైటీలో చేర్చుకొమ్మని చెప్పాడు.

ఆ శతాబ్దం చివర లండనుకు మరో పెద్ద వలస వచ్చింది. ఫ్రాన్సులో ప్రొటెస్టంటు మతస్థులకు ఉన్న రక్షణను లూయీ రాజు 1685లో రద్దు చేశాడు. సుమారు యాభైవేలమంది ఇంగ్లండుకు పారిపోయి వచ్చారు. వారిలో పట్టు నేసేవారు లండనుకు తూర్పున ఉన్న స్పిటల్‌ఫీల్డ్స్ పేటలో స్థిరపడ్డారు.

ఈ పేట కథలో తెలుగు నేలకు కూడా చోటు ఉంది. ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీవారి ఓడ ఒకటి 1611లో మచిలీపట్నం చేరింది. దాని పేరు కూడా గ్లోబే. ఆ తీరంలో చిరివేరు నుంచి తీసిన ఎర్రరంగుతో, కలంతో వ్రాసిన పూల బట్టలు ఎంత ఉతికినా వెలిసిపోయేవి కావు. ఆ బట్టలు, ఇతర రేవుల బట్టలు 1660 తర్వాత లండనుకు ఓడలకొద్దీ చేరాయి. దొరసానులు మొదలు పనిపిల్లల వరకు అందరూ కట్టసాగారు. ఉన్ని, పట్టు నేసేవారికి పని తగ్గింది. మన రంగుబట్టల దిగుమతిని 1700లో చేసిన చట్టం నిషేధించింది. అయినా వాడకం ఆగలేదు. తెల్లబట్టలు దించుకొని లండనులోనే అద్దకం వేసుకున్నారు. 1719లో స్పిటల్‌ఫీల్డ్స్ నేతగాళ్లు వీధులకెక్కారు. పూల నూలుబట్ట కట్టిన ఆడవారు కనబడితే వెంటపడి చింపారు, సిరా పోశారు. ఆ పేటలో ఇంగ్లీషువారూ, ఫ్రాన్సు నుంచి వచ్చినవారి పిల్లలూ కలిసి ఉండేవారు. ముప్ఫయి అయిదేళ్ల క్రిందట ఒడ్డున దిగిన పరాయివారి పేట ఇప్పుడు ఒడ్డున దిగిన పరాయి బట్టమీద పడింది. 1721లో పార్లమెంటు ఆ బట్టలను కట్టడాన్నే నిషేధించింది.

స్పిటల్‌ఫీల్డ్స్ పక్కనే బ్రిక్ లేన్ అనే వీధిలో ఆ ఫ్రెంచివారు 1743లో ఇటుకతో ఒక ప్రార్థనామందిరం కట్టుకున్నారు. వారి మనుమలు ఇంగ్లీషువారిలో కలిసిపోయి ఇతర పేటలకు తరలిపోయాక, అది మెథడిస్టుల చర్చి అయింది. పందొమ్మిదో శతాబ్దం చివర తూర్పు ఐరోపా నుంచి యూదులు వచ్చి ఆ పేటలో చేరారు. 1898లో ఆ మందిరం వారి సినగాగు అయింది. వారూ తరలిపోయారు. నేటి బంగ్లాదేశ్ ప్రాంతం నుంచి వచ్చిన కుటుంబాలు ఆ ఇళ్లలో దిగాయి. 1976 నుంచి అది మసీదు. గోడలు మాత్రం 1743 నాటివే.